ఇంగ్లీషులో అరుదైన పదాలు: అర్థం, ఉచ్చారణ, చరిత్ర

ఇంగ్లీషు నిఘంటువులో ఉన్న పదాల్లో చాలావాటిని ఇంగ్లీషు మాతృభాషగా ఉన్నవాళ్లు కూడా ఎన్నడూ పలికి ఉండరు. పుస్తకంలో కనబడితే అర్థం తట్టదు. అర్థం తెలిసినా ఎలా పలకాలో తెలియదు. తెలుగులో అక్షరాలు వస్తే పదం చదవడం వచ్చినట్టే. ఇంగ్లీషులో అలా కాదు, రాత ఒకసారి, పలుకు ఒకసారి, అర్థం ఒకసారి వేర్వేరుగా నేర్చుకోవాలి. అందుకే ఆ భాషకు ఓ పద్ధతంటూ లేదన్న మాట బడిలో మొదలై జీవితమంతా వినిపిస్తుంది. అది నిజం కాదు. పలకని అక్షరం ఎవరి వల్ల ఎందుకు వచ్చి చేరిందో చాలా పదాల విషయంలో తెలుసు, ఏ శతాబ్దంలో చేరిందో కూడా చెప్పగలం. ఆ చరిత్ర పట్టుబడితే పలుకూ అర్థమూ దాని వెంటే వస్తాయి.

కఠిన పదాల నిఘంటువులు

ఇంగ్లీషుకు ఇంగ్లీషులోనే అర్థం చెప్పిన తొలి నిఘంటువు అరుదైన పదాల కోసమే పుట్టింది. 1604లో రాబర్ట్ కాడ్రీ అనే బడిపంతులు లండన్‌లో అచ్చువేయించిన 'టేబుల్ ఆల్ఫబెటికల్'లో సుమారు 2,500 మాటలున్నాయి. అందరికీ తెలిసిన మాటల జోలికి ఆయన వెళ్లలేదు. లాటిన్, గ్రీకు, ఫ్రెంచి, హీబ్రూ నుంచి వచ్చిన మాటలకు ఒకటి రెండు ముక్కల్లో అర్థం చెప్పి వదిలేశాడు. లాటిన్ చదువుకునే అవకాశం లేని స్త్రీలకు ఉపయోగపడాలన్నది తన ఉద్దేశమని మొదటి పేజీలోనే ప్రకటించాడు. 1623లో హెన్రీ కోకరమ్, 1656లో థామస్ బ్లౌంట్ అదే దారిలో నడిచారు. కోకరమ్ నిఘంటువులో ఎవరూ ఎన్నడూ వాడని మాటలు కూడా చాలా ఉన్నాయి. లాటిన్ ధాతువులకు ఇంగ్లీషు ప్రత్యయాలు చేర్చి వాటిని తయారుచేశారు.

1755లో వెలువడిన శామ్యూల్ జాన్సన్ నిఘంటువు తేలిక మాటలనూ కఠిన మాటలనూ కలిపి నలభై రెండు వేలకు పైగా పదాలకు అర్థం చెప్పింది. తేలిక మాటకు అర్థం చెప్పడమే ఎక్కువ కష్టమని ఆ పుస్తకం తిరగేస్తే తెలుస్తుంది. 'నెట్‌వర్క్' అన్న మామూలు మాటకు జాన్సన్ రాసిన నిర్వచనం అర్థం కావాలంటే అందులోని 'రెటిక్యులేటెడ్', 'డెకసేటెడ్', 'ఇంటర్‌స్టిసెస్' అన్న మూడు మాటలకు మళ్లీ నిఘంటువు చూసుకోవాలి. పలుకు విషయంలో జాన్సన్ ఒక్క పనే చేశాడు. పదంలో ఏ భాగాన్ని నొక్కి పలకాలో గుర్తు పెట్టాడు. మిగతాది చదివేవాడికే వదిలేశాడు.

ఆ లోటు తీర్చినవాళ్లిద్దరూ నాటకాల నుంచి వచ్చినవాళ్లే. ఐర్లండ్‌లో పుట్టిన నటుడు థామస్ షెరిడన్ 1780లో, లండన్ నటుడు జాన్ వాకర్ 1791లో ఉచ్చారణ నిఘంటువులు ప్రచురించారు. పదాన్ని పలికినట్టే మళ్లీ రాసి, అచ్చుల మీద అంకెలు వేసి, ఏ అంకెకు ఏ ధ్వనో పుస్తకం ముందు పట్టిక ఇచ్చారు. స్కాట్లండ్, ఐర్లండ్ నుంచి లండన్ చేరి, నోరు విప్పితే యాస బయటపడుతుందని భయపడే చదువరులు వీటిని కొనుక్కున్నారు. వాకర్ పుస్తకం పందొమ్మిదో శతాబ్దమంతా మళ్లీ మళ్లీ అచ్చయింది. షెరిడన్ కుటుంబానికి ఈ చరిత్రలో ఇంకో చోటు కూడా ఉంది. ఆయన కొడుకు రిచర్డ్ బ్రిన్‌స్లీ షెరిడన్ 1775లో రాసిన 'ద రైవల్స్' నాటకంలో మిసెస్ మాలప్రాప్ అనే పాత్ర పెద్ద పెద్ద మాటలను ఒకదానికి బదులు ఇంకొకటి వాడుతుంది. అలా పొరపాటున ధ్వని దగ్గరగా ఉన్న వేరే మాట పడితే దాన్ని 'మాలప్రాపిజం' అనడం ఆమె పేరు మీదే వచ్చింది. తండ్రి సరైన పలుకును పుస్తకానికెక్కిస్తే, తప్పు మాటకు కొడుకు పేరు తెచ్చాడు.

1857లో లండన్ ఫిలలాజికల్ సొసైటీ తలపెట్టిన కొత్త నిఘంటువే తర్వాత ఆక్స్‌ఫర్డ్ ఇంగ్లీష్ డిక్షనరీ అయింది. జేమ్స్ మరీ 1879లో సంపాదకుడయ్యాడు. మొదటి భాగం 1884లో వచ్చింది. మరీ 1915లో కన్నుమూశాక మరో పదమూడేళ్లకు, 1928లో, 4,14,825 పదాలతో పని పూర్తయింది. పలుకు రాయడానికి మరీ తనదైన లిపి ఒకటి కూర్చుకున్నాడు. 1886లో పారిస్‌లో మొదలైన అంతర్జాతీయ ధ్వని సంఘం అప్పటికే తన వర్ణమాలను రూపొందించుకుంటోంది. ఆక్స్‌ఫర్డ్ నిఘంటువు మాత్రం 1989 నాటి ఇరవై సంపుటాల రెండో ముద్రణలో గానీ ఆ వర్ణమాలకు మారలేదు. ఈలోగా 1917లో లండన్ యూనివర్సిటీ కాలేజీకి చెందిన డేనియల్ జోన్స్ ఉచ్చారణ నిఘంటువు అదే వర్ణమాలతో వచ్చి, ప్రపంచమంతా ఇంగ్లీషు నేర్పేవాళ్ల చేతిపుస్తకమైంది. 1926లో బీబీసీ రేడియో తన వ్యాఖ్యాతల కోసం ఒక ఉచ్చారణ సలహా సంఘం వేసింది. ఆస్థాన కవి రాబర్ట్ బ్రిడ్జెస్ అధ్యక్షుడు. బెర్నార్డ్ షా, డేనియల్ జోన్స్ అందులో సభ్యులు.

రాత ఆగిపోయింది, పలుకు కదిలిపోయింది

విలియం కాక్స్‌టన్ 1476లో వెస్ట్‌మిన్‌స్టర్‌లో అచ్చుయంత్రం పెట్టాడు. అచ్చుతో పాటే వర్ణక్రమం మెల్లగా గడ్డకట్టడం మొదలైంది. సరిగ్గా ఆ కాలంలోనే దీర్ఘాచ్చులన్నీ చోటు మారుతున్నాయి. ఇప్పుడు 'నేమ్' అంటున్న మాటను అంతకుముందు దాదాపు 'నామ' అనేవాళ్లు. 'హౌస్' అప్పట్లో 'హూస్', 'బైట్' అప్పట్లో 'బీట్'. సుమారు 1400 నుంచి 1700 దాకా సాగిన ఈ మార్పుకు 'మహా అచ్చుల మార్పు' అన్న అర్థమిచ్చే పేరు పెట్టినవాడు డెన్మార్క్ భాషావేత్త ఆటో యెస్పర్సన్. రాత పాత పలుకు దగ్గరే ఆగిపోయింది. కాబట్టి ఇంగ్లీషు వర్ణక్రమం తప్పుగా లేదు, కాలం చెల్లిన పలుకును నమ్మకంగా రాసిపెట్టుకుంది.

'నైట్' అంటే వీరుడు అన్న మాటలో మొదటి 'కె' ఒకప్పుడు గట్టిగా వినబడేది. మధ్యలోని 'జీ-హెచ్' గొంతులోంచి వచ్చే 'ఖ్' లాంటి ధ్వని. ఉర్దూలో 'ఖబర్' అనేటప్పుడు పలికేదానికి అది దగ్గర. 'కె' పదిహేడో శతాబ్దం చివరికి పోయింది. 'ఖ్' కొన్నిచోట్ల పూర్తిగా మాయమైంది, కొన్నిచోట్ల 'ఫ్' అయింది. అందుకే 'ఓ-యు-జీ-హెచ్' అన్న నాలుగక్షరాలు ఉన్న మాటలు 'దో', 'థ్రూ', 'కాఫ్', 'రఫ్', 'బౌ', 'థరా' అని ఆరు తీరుల్లో పలుకుతాయి. ఎక్కిళ్లకు వాడే 'హికప్' మాటను మాత్రం దగ్గుతో సంబంధముందనుకున్నవాళ్లు అవే అక్షరాలతో రాయడం మొదలుపెట్టారు. ఆ సంబంధం లేదు, పలుకూ మారలేదు.

కాలం వల్ల మూగబోయిన అక్షరాలు ఒక రకం. పుట్టుకతోనే మూగవైనవి ఇంకో రకం, నా దృష్టిలో ఆసక్తి కలిగించేవి ఇవే. అప్పు అనే అర్థమున్న 'డెట్' ఫ్రెంచి నుంచి 'బి' లేకుండానే వచ్చింది. లాటిన్ మీద మక్కువ ఉన్న పండితులు దాని మూలం 'డెబిటుమ్' అని గుర్తుచేయడానికి మధ్యలో 'బి' ఇరికించారు. 'డౌట్'లోని 'బి', 'రిసీట్'లోని 'పి' అలాగే చేరాయి. ఆహార పదార్థాలకు పాత పేరైన మాటను 'విక్చువల్స్' అన్నట్టు రాస్తారు, పలికేది 'విటల్స్'. 'ఐలండ్'లోని 'ఎస్' అయితే పచ్చి పొరపాటు. అది ప్రాచీన ఇంగ్లీషు సొంత మాట. లాటిన్ మూలమున్న 'ఐల్'ను చూసి దానికీ 'ఎస్' తగిలించారు. శీతాకాలంలో తెల్లబడే మంచుకొండల పక్షి 'టార్మిగన్' కథ ఇంతకంటే విచిత్రం. స్కాట్లండ్ గేలిక్ భాషలో దాని పేరు 'టార్మఖన్'. పదిహేడో శతాబ్దంలో అది గ్రీకు మాటేమో అనుకుని ముందు 'పి' చేర్చారు. నోటికి ఎన్నడూ రాని ఆ అక్షరం నేటికీ నిఘంటువుల్లో ఉంది.

నిజమైన గ్రీకు మాటల్లో ఈ 'పి'ని గ్రీకులు పలికేవాళ్లు. ఇంగ్లీషు నోటికి పదం మొదట 'ప్స', 'ప్ట', 'మ్న', 'గ్న' లాంటి జంట హల్లులు ఇమడవు. అందువల్ల 'సైకాలజీ', 'టెరడాక్టిల్', 'నిమానిక్', 'నోమ్' అని మొదటి హల్లు రాలిపోతుంది. అదే జంట పదం మధ్యలో వస్తే చెక్కుచెదరదు. రెక్క అనే అర్థమున్న గ్రీకు 'ప్టెరాన్' పదంలోని 'పి' ఎగిరే సరీసృపం 'టెరడాక్టిల్' పేరు మొదట మూగబోయింది, 'హెలికాప్టర్' చివర స్పష్టంగా పలుకుతుంది. జ్ఞాపకానికి సాయపడేదాన్ని 'నిమానిక్' అంటాం, జ్ఞాపకం పోవడాన్ని 'అమ్నీజియా' అంటాం, ధాతువు ఒకటే. 'ఆగ్నాస్టిక్'లోని 'గ్నో' ధాతువు మన 'జ్ఞా' ధాతువుకు తోబుట్టువు. జ్ఞానం అనే మాటను రోజూ పలికే తెలుగువారికి ఇంగ్లీషువారు వదిలేసిన ఆ జంట హల్లు కష్టమే కాదు.

'కల్నల్' మాట తరచుగా ఉదాహరణగా వస్తుంది, దానికి తగ్గ కథా ఉంది. స్తంభం అనే అర్థమున్న 'కొలొన్న' నుంచి ఇటాలియన్‌లో 'కొలొన్నెల్లో' పుట్టింది, దండుకు ముందు నడిచే అధికారి అని. ఫ్రెంచివాళ్లు రెండు 'ల'కారాలు వరసగా పలకలేక మొదటిదాన్ని 'ర' చేసి 'కొరొనెల్' అన్నారు. పదహారో శతాబ్దంలో ఇంగ్లీషులోకి వచ్చింది ఈ రూపమే. తర్వాత చదువుకున్నవాళ్లు ఇటాలియన్ రూపమే శుద్ధమని రాతను మార్చారు. పలుకు మాత్రం పాత 'ర'ను పట్టుకుని 'కర్నల్'గా మిగిలింది. మన పత్రికలు రాసే 'కల్నల్' అన్న రూపంలోకి 'ల' ఇంగ్లీషు రాత నుంచి వచ్చింది.

ఓడలు, ఊళ్లు, ఇంటిపేర్లు

ఎక్కువగా వాడిన నోళ్లలో పదాలు అరిగిపోతాయి. ఓడ పై తట్టు సిబ్బందికి పెద్ద అయిన వ్యక్తిని 'బోట్‌స్వెయిన్' అని రాసి 'బోసన్' అంటారు. ఓడ ముందుభాగాన్ని 'ఫోర్‌కాసిల్' అన్నట్టు రాస్తారు, ఎందుకంటే మధ్యయుగాల్లో అక్కడ నిజంగానే కోట లాంటి కట్టడం ఉండేది. నావికులు దాన్ని 'ఫోక్సల్' చేశారు. పడవ పక్కగోడ పై అంచు 'గన్‌వేల్' పలుకులో 'గనల్' అయింది.

ఊళ్ల పేర్లలో 'సెస్టర్' అన్న తోక లాటిన్‌లో సైనిక శిబిరం అనే అర్థమున్న 'కాస్ట్రా' నుంచి వచ్చింది. 'లెస్టర్', 'గ్లాస్టర్', 'వుస్టర్' అన్న మూడు పేర్లలోనూ మధ్య అక్షరాలు మింగుడుపడ్డాయి. ఇంటిపేర్లు ఇంకా మొండివి. 'చోల్మొండెలీ' అని కనిపించేది 'చమ్లీ'. 'ఫెదర్‌స్టోన్‌హా' అని కనిపించేదాన్ని కొన్ని కుటుంబాల్లో 'ఫాన్‌షా' అంటారు. ఫ్రెంచిలో అందమైన పొలం అనే అర్థమున్న 'బోషాన్' ఇంగ్లండ్‌లో 'బీచమ్' అయింది. స్కాట్లండ్ ఇంటిపేరు 'మెంజీస్'ను అక్కడివాళ్లు 'మింగిస్' అంటారు. పాత లిపిలో 'యోఖ్' అనే అక్షరం ఉండేది. అచ్చు అక్షరాల పెట్టెలో అది లేక, ఆకారం దగ్గరగా ఉందని 'జెడ్' పెట్టేశారు. వీటికి సూత్రం లేదు. ఆ ఊరివాళ్లనూ ఆ ఇంటివాళ్లనూ అడిగి తెలుసుకోవడమే.

పుట్టుక తెలిసిన మాటలు

కొన్ని మాటలు ఏ ఏడు ఎవరి కలం నుంచి వచ్చాయో తెలుసు. తొలకరి చినుకులకు మట్టి నుంచి లేచే వాసనకు 'పెట్రికోర్' అని పేరు పెట్టింది ఆస్ట్రేలియా శాస్త్రవేత్తలు ఇసబెల్ జాయ్ బేర్, రిచర్డ్ థామస్. 1964లో 'నేచర్' పత్రికలో వాళ్లు ఈ మాటను పరిచయం చేశారు. గ్రీకులో 'పెట్రా' రాయి, 'ఇకోర్' దేవతల నరాల్లో పారే ద్రవం. ఎండాకాలంలో మొక్కల నుంచి వచ్చే నూనెలు రాళ్లకూ బంకమట్టికీ పట్టుకుని ఉండి వానకు విడుదలవుతాయని వాళ్లు చూపించారు. ఆ వాసనను చందన తైలంలోకి దింపి 'మిట్టీ అత్తరు'గా అమ్మడం ఉత్తరప్రదేశ్ కన్నౌజ్‌లో తరాలుగా ఉన్న విద్య.

'సెరెండిపిటీ' అంటే వెతకనిది, మేలైనది అనుకోకుండా దొరకడం. శ్రీలంక పాత పేరు సెరెండిప్. ఆ దేశపు ముగ్గురు రాకుమారుల కథ ఆధారంగా హోరేస్ వాల్‌పోల్ 1754లో ఒక ఉత్తరంలో ఈ మాట కల్పించాడు. 'డీఫెనెస్ట్రేషన్' అంటే మనిషిని కిటికీలోంచి బయటికి విసిరేయడం. లాటిన్‌లో కిటికీ 'ఫెనెస్ట్రా'. 1618 మే 23న ప్రాగ్ కోటలో ఇద్దరు రాజప్రతినిధులనూ వాళ్ల కార్యదర్శినీ అలా విసిరేస్తే ముగ్గురూ బతికారు. దాని వెనకే ముప్పై ఏళ్ల యుద్ధం మొదలైంది. ఇంత ప్రత్యేకమైన చర్యకు ఒక పదం నిలిచిపోవడం ఆ ఒక్క రోజు వల్లే.

29 అక్షరాల 'ఫ్లాక్సినాసినైహిలిపిలిఫికేషన్' అంటే ఒకదాన్ని విలువలేనిదిగా లెక్కకట్టడం. లాటిన్ వ్యాకరణంలో 'పూచికపుల్లపాటి' అనే అర్థంలో వల్లెవేయించే నాలుగు మాటలను వరసగా కుట్టేశారు. కవి విలియం షెన్‌స్టన్ 1741లో ఒక ఉత్తరంలో దీన్ని వాడాడు. 45 అక్షరాల 'న్యూమోనో...' అని మొదలయ్యే పొడవైన ఊపిరితిత్తుల జబ్బు పేరును 1935లో అమెరికా పజిల్ సంఘం అధ్యక్షుడు ఎవరెట్ స్మిత్ పొడవు కోసమే సృష్టించాడు. రాతి దుమ్ము పీల్చే క్వారీ కార్మికులకు వచ్చే ఆ జబ్బును వైద్యులు 'సిలికోసిస్' అంటారు. జనానికి తెలియవలసిన పదం ఆ రెండోది. 1964లో భౌతికశాస్త్రవేత్త మరీ గెల్‌మాన్ పెట్టిన 'క్వార్క్' పేరుకు ముందు ధ్వని పుట్టింది, అక్షరాలు తర్వాత దొరికాయి. ఆయన మనసులో ఉన్నది 'క్వోర్క్' అన్న పలుకు. ఆ అక్షరాల కూర్పు జేమ్స్ జాయిస్ 'ఫినెగన్స్ వేక్'లో కనిపించింది.

అసలు లేని పదం నిఘంటువులోకి ఎక్కడం కూడా జరిగింది. 1934 నాటి వెబ్‌స్టర్ పెద్ద నిఘంటువు రెండో ముద్రణలో 'డోర్డ్' అన్న మాటకు సాంద్రత అని అర్థం ఉంది. సాంద్రతకు సంక్షిప్తంగా పెద్ద 'డి' గాని చిన్న 'డి' గాని వాడవచ్చని రాసిన చీటీని, ఇంగ్లీషులో 'గాని'కి వాడే 'ఆర్'తో సహా కలిపి చదివి, ఒకే పదమనుకున్నారు. 1939లో వ్యుత్పత్తి లేని ఈ పదం ఏమిటని ఒక సంపాదకుడికి అనుమానం వచ్చేదాకా అది అలాగే ఉంది. ఎవరి నోటా పుట్టని ఆ పదానికి ఉచ్చారణ కూడా జాగ్రత్తగా ముద్రించారు.

తెలుగు నుంచి వెళ్లినవి

ఇంగ్లీషు పుస్తకాల్లో అరుదుగా కనిపించే 'బ్యాండికూట్' మన పందికొక్కే. తూర్పు తీరంలో వర్తకులు పెద్ద ఎలుకకు విన్న పేరును తీసుకెళ్లారు. తర్వాత ఆస్ట్రేలియాలో దానికి ఏ చుట్టరికమూ లేని సంచిజంతువుకు కూడా అదే పేరు పెట్టారు. జంతుశాస్త్రం పందికొక్కు ప్రజాతికి 'బండికోటా' అని లాటిన్ తొడుగు వేసింది. రంగురంగుల ఈకల పక్షి ప్రజాతి 'పిట్టా' తెలుగు పిట్టే. 1816లో ఫ్రెంచి పక్షిశాస్త్రవేత్త వీయో దాన్ని శాస్త్రనామం చేశాడు. 'గోల్కొండ' అన్న మాటకు ఇంగ్లీషు నిఘంటువుల్లో తరగని సంపద అని అర్థం ఉంది, వజ్రాల పుణ్యమా అని. 'మంగూస్' మరాఠీ 'మంగూస్' నుంచి వచ్చింది, మన ముంగిస దానికి దగ్గరి చుట్టం. పదం ఇంగ్లీషుది కాదు కాబట్టి 'గూస్' అన్న బాతు పేరు 'గీస్' అయినట్టు బహువచనంలో 'మంగీస్' కాదు, 'మంగూసెస్'.

ఇలాంటి మాటలకు ప్రామాణిక గ్రంథం 1886లో వచ్చిన 'హాబ్సన్-జాబ్సన్'. హెన్రీ యూల్, మద్రాసు సివిల్ సర్వీసులో పనిచేసిన ఆర్థర్ బర్నెల్ కూర్చారు. అచ్చుకు నాలుగేళ్ల ముందే బర్నెల్ చనిపోయాడు. మొహర్రం ఊరేగింపులో 'యా హసన్, యా హుసేన్' అన్న కేకలు తెల్ల సైనికుల చెవికి అలా వినబడి ఆ పేరు పుట్టింది. పరాయి మాట తెలిసిన ధ్వనుల్లోకి ఒదిగిపోవడాన్ని భాషాశాస్త్రంలో ఇప్పటికీ ఆ పేరుతోనే పిలుస్తారు.

తెలుగు నోట, తెలుగు లిపిలో

తెలుగు లిపిలో ఉచ్చారణ ఇచ్చే చిన్న నిఘంటువులు చాలామందికి ఇంగ్లీషు నేర్పాయి. మూగ అక్షరాల బెడద వాటిలో ఉండదు. అయినా మూడు విషయాల్లో మన లిపి చాలదు. మొదటిది, ఇంగ్లీషులో అన్నిటికన్నా ఎక్కువగా వినబడే 'ష్వా' అనే బలహీన అచ్చు. 'బనానా'లో మధ్య అక్షరం ఒక్కటే నిండుగా పలుకుతుంది, ముందూ వెనకా ఉన్నవి ఈ ష్వాలు. మనం మూడింటినీ సమానంగా నింపి పలుకుతాం. రెండోది, 'వి', 'డబ్ల్యూ' రెండింటికీ ఉన్నది ఒకే 'వ'. మూడోది ఊనిక. నామవాచకమైతే 'రె' మీద ఊనికతో 'రెకర్డ్', క్రియ అయితే 'కా' మీద ఊనికతో 'రికార్డ్'. తెలుగులో రెండు పనులకూ ఒకే 'రికార్డు'. పిల్లి, టోపీల ఇంగ్లీషు పేర్లలోని అచ్చుకు గుర్తు లేక 'య'వత్తు పెట్టి 'క్యాట్', 'హ్యాట్' అంటున్నాం. ఆ ధ్వని మన నోటికి కొత్త కాదు. వ్యవహారంలో భూతకాల క్రియల్లో అది వినిపిస్తుందని భాషాశాస్త్రవేత్త భద్రిరాజు కృష్ణమూర్తి నమోదు చేశారు.

వినకుండా చదివి నేర్చిన మాటల్లో పొరపాట్లు ఎక్కువ. 'ఎపిటోమ్' కాదు 'ఎపిటమీ', 'హైపర్‌బోల్' కాదు 'హైపర్బలీ'. రెండూ గ్రీకువి, చివరి అచ్చు పలుకుతుంది. వంకరగా అనే అర్థమున్న మాట 'ఆరీ' కాదు, 'అరై'. ఫ్రెంచి మాటల్లో చివరి హల్లు తరచూ మూగది: 'డెబ్రీ', 'ర్యాపోర్', 'కూ'. ఎన్‌సీసీలోని చివరి మాట 'కోర్'. దాన్ని 'కార్ప్స్' అంటే శవమని అర్థం వస్తుంది.

ఈ విద్యను పోటీగా మార్చింది అమెరికా జాతీయ స్పెల్లింగ్ బీ. 1925లో మొదలైంది. ఇటీవలి దశాబ్దాల్లో భారతీయ కుటుంబాల పిల్లలు, వాళ్లలో తెలుగు పిల్లలు, అందులో ముందున్నారు. 2012లో స్నిగ్ధా నందిపాటి గెలిచిన పదం 'గెటపాన్', పొంచి ఉండి పన్నిన ఉచ్చు అని అర్థం. మరుసటి ఏడు అరవింద్ మహంకాళి గెలిచింది 'క్నేడల్'తో. అది యూదుల వంటల్లో ఉడకబెట్టిన పిండి ఉండ. యిడ్డిష్ మాట కాబట్టి ఇక్కడ 'కె' పలుకుతుంది. ఆ భాషా పండితులు ఆ వర్ణక్రమమే సరికాదని అప్పట్లో వాదించారు. పోటీలో పిల్లలు అర్థంతో పాటు పదం ఏ భాష నుంచి వచ్చిందో అడగవచ్చు, దాదాపు ప్రతివారూ అడుగుతారు. గ్రీకు అయితే 'ఫ'కు 'పి-హెచ్', ఫ్రెంచి అయితే చివర మూగ హల్లు, యిడ్డిష్ అయితే మొదట పలికే 'కె' అని పుట్టుకను బట్టే అక్షరాలు తేలతాయి. వర్ణక్రమం ఒక్కటీ వస్తే చాలదని 2013 నుంచి పదాల అర్థం మీద కూడా ప్రశ్నలు చేర్చారు.